రొయ్యల పాస్తా దీక్ష

ఆదివారం ఉదయం ఆరున్నరకి నీలకంఠం లుంగీ ఎగ్గట్టి, తువ్వాలు తలకి చుట్టి, వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు. మధ్యాహ్నం ఒంటిగంటకల్లా ట్రాపికల్ సీఫుడ్ పాస్తా అనే వంటకం బల్ల మీద పొగలు కక్కుతూ ఉండాలి. ఉండి తీరుతుంది. ముప్పై నాలుగేళ్ళపాటు స్టీల్ ప్లాంటులో క్రేను మీద కూర్చుని, కరిగిన ఉక్కుని చుక్క ఒలక్కుండా ఈ చివర్నుంచి ఆ చివరికి మోసిన మనిషి తను. అరకిలో రొయ్యలు తనని ఏం చేస్తాయి?

ఈ పట్టుదలకి కారణం అతని భార్య రోజారమణి. పదకొండు రోజుల క్రితం ఆవిడ తమ్ముడు గంగాధరరావు పెందుర్తి నుంచి భోజనానికి వచ్చాడు. ఆవిడ మూడు గంటలు వంటింట్లోంచి బయటకి రాకుండా ఐదు రకాలు చేసింది. తమ్ముడు వేళ్ళు నాకుతూ, "అక్క ఎంత కష్టపడిందో సూడు బావా" అన్నాడు. నీలకంఠం పెరుగన్నం కలుపుకుంటూ, "వంటకేటుంది బావా, గంటలో అయిపోయీ పనిని మీ అక్క మూడు గంటలు సేత్తాది" అన్నాడు. రోజారమణి చెయ్యి కడుక్కుంది, సంచీ సర్దుకుంది, తమ్ముడు ఎక్కిన ఆటోలోనే ఎక్కి పెందుర్తి వెళ్ళిపోయింది.

ఆ తర్వాత నీలకంఠం పూటపూటా హోటల్లో తింటూ, రోజూ రెండుసార్లు ఫోన్ చేశాడు. ఆవిడ ఒక్కసారి ఎత్తింది, అదీ నిన్న సాయంత్రం. "రేపు ఒంటిగంటకి వత్తాను" అంది. అతని గుండె గంతేసింది. "మిక్సీ అట్టుకెల్లడానికి" అని పెట్టేసింది. బట్టల కోసం వస్తానంటే అతను అంత కంగారుపడేవాడు కాదు. బట్టలు పట్టుకెళ్తే అలక. మిక్సీ పట్టుకెళ్తే అది వేరు కాపురం.

ఏదో ఒకటి వండి పెట్టాలి, అదీ తన చేతులతో. రొయ్యల ఇగురు చేస్తే ఆవిడ ఇగురుతో పోలిక వస్తుంది. ఆ పోటీకి దిగేంత మతి అతనికి పోలేదు. పోలిక రానిది ఒక్కటే ఉంది. కిందటేడు కూతురు సత్యశ్రీ హైదరాబాదు నుంచి వచ్చినప్పుడు బీచ్ రోడ్డులో ఒక హోటలుకి తీసుకెళ్ళి తినిపించింది. కొబ్బరిపాలలో రొయ్యలు, స్క్విడ్డు అనే మెత్తటి సముద్రజీవి ముక్కలు, అనాసపండు ముక్కలు, పండుమిరప, వాటి మధ్య పొట్టి గొట్టాల్లాంటి పాస్తా. రోజారమణి పళ్ళెం అంచులు కూడా వదల్లేదు. ఇంటికొచ్చే దారంతా దాని గురించే చెప్పింది. అప్పుడు అతను వినలేదు.

ఏడింటికి గేటు దగ్గర పోతమ్మ స్కూటీ హారను వినిపించింది. రిటైరయ్యాక ఉక్కునగరం క్వార్టరు ఖాళీ చేసి మధురవాడలో ఈ సింధూర ఎన్‌క్లేవ్‌లో బి బ్లాకు ఫ్లాటు కొనుక్కున్నప్పటి నుంచి వాళ్ళకి చేపలు పోతమ్మే ఇస్తుంది. తెల్లవారకముందే ఒడ్డుకి వెళ్ళి, వలలోంచి దింపిన సరుకు ఐసు టబ్బులో పోసుకుని, ప్రతి ఆదివారం వచ్చి గేటు పక్కన దుకాణం పెడుతుంది.

"అరకిలో రొయ్యలు, పావుకిలో స్క్విడ్డు. బాగుసేసి ఇయ్యి పోతమ్మా."

"అమ్మగోరు లేరు కదేటి బాబూ? ఎవులొండుతారు?"

"నానే. పాస్తా."

సరిగ్గా అప్పుడే పాలవ్యాను గేటులోకి తిరుగుతూ హారను మోగించింది.

"పస్తా?" అంది పోతమ్మ, కత్తి ఆపి.

"ఆఁ, పాస్తా. మీ అమ్మగోరి కోసవే. ఒంటిగంటకి వత్తాది. ఆవిడ తిన్నాకే నాను తినీది. అప్పటిదాకా నాకు పచ్చి మంచినీలు కూడా దిగవు."

"మరి రొయ్యలెందుకు బాబూ?"

"ఆవిడకి పెట్టాల కదేటి!"

పోతమ్మ అతన్ని కిందనుంచి పైదాకా చూసింది. పెళ్ళాం అలిగిందని ఒకడు పస్తుండడమా, పైగా ఆవిడకి రొయ్యలు వండి పెట్టి తను నోరు కట్టుకోవడమా! ఇంతకాలం ఇంటింటికీ చేపలమ్మిన మనిషి, ఎన్ని కాపురాలు చూసిందో. ఇలాంటిది చూడలేదు. మోచేత్తో కళ్ళు తుడుచుకుని, ఇంకో గుప్పెడు రొయ్యలు ఊరికే సంచీలో వేసింది. "బంగారం లాటి మడిసి" అని గొణిగింది. నీలకంఠం ఆ మెప్పు తను వంటకి దిగినందుకే అనుకుని, మీసం దువ్వుకుంటూ లిఫ్టు ఎక్కాడు.

పోతమ్మ చేతులు కడుక్కుని తిన్నగా 'ఏ' బ్లాకులో ఉన్న సూరన్న ఇంటికి వెళ్ళింది. సూరన్న ఆవిణ్ణి అప్పా అని పిలిచే వరస తమ్ముడు, నీలకంఠానికి ప్లాంటులో ఒకే షిఫ్టు స్నేహితుడు, ఒకరినొకరు బావా అనుకునేంత చనువు. యూనియన్ మనిషి. ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళూ ఏదో ఒక టెంటు కిందే కాలం గడిపాడు. రిటైరయ్యాక టెంటు లేదు, మైకు లేదు. కూరలకి పంపితే బజారులో నలుగుర్ని పోగేసి టమాటా ధర మీద మాట్లాడి, టమాటాలు మర్చిపోయి వస్తున్నాడు.

"నీలకంఠం బాబు పస్తుంటన్నాడ్రా, అమ్మగోరొచ్చీదాకా!" అంది పోతమ్మ ముక్కు చీదుతూ.

"పస్తేటప్పా? దాన్ని నిరాహార దీక్ష అంటారు!" అని సూరన్న కుర్చీలోంచి లేచాడు.

అతనికి సంగతంతా ఒక్క క్షణంలో అర్థమైపోయింది. బి బ్లాకులో వంటింటి సింకుల్లో నీళ్ళు దిగక ఆరు నెలలైంది. రోజారమణి అసోసియేషన్ సెక్రటరీ చలమయ్యకి నాలుగు ఉత్తరాలు రాసింది. నాలుగింటికీ చలమయ్య "చూద్దాం" అన్నాడు. ఆవిడ విసిగి వెళ్ళిపోయింది. మొగుడు దీక్షకి దిగాడు. "సెప్పకుండా మొదలెట్టీసాడు సూసేవా, ఎంత గుండె!" అంటూ చెప్పుల కోసం మంచం కిందకి దూరాడు.

అదే సమయానికి నీలకంఠం చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, కూతురు ఫోనులో చెబుతుంటే వెల్లుల్లి తరుగుతున్నాడు. వీధి తలుపు తీసే ఉంది.

"నాన్నా, పాస్తా మెత్తగా ఉడికించెయ్యకు. పంటికి తగలాలి, ఆల్ డెంటే ఉండాలి. అదే ముఖ్యం" అంది సత్యశ్రీ.

"టెంటే ముఖ్యవా?" అన్నాడు నీలకంఠం.

గుమ్మంలో అడుగుపెడుతున్న సూరన్న చెవిలో ఆ మాట అమృతంలా పడింది. "మరి కాదేటి బావా! టెంటు లేకపోతే ఎవులు సూత్తారు? అది నాను సూసుకుంతాను. నువ్వు ఓపిక దాసుకో" అన్నాడు.

నీలకంఠానికి అందులో సగమే వినబడింది. ఒక చెవిలోంచి ఇయర్‌ఫోను లాగి, "వచ్చేవా బావా, మంచిపని సేసేవ్. నిమ్మకాయలు మర్సిపోయేను, ఓ నాలుగు తెచ్చిపెడతావేటి?" అన్నాడు.

"ఇప్పుడేనా?"

"ఇప్పుడొద్దు. ఆఖర్న. అంతా అయిపోయేకే పిండాలంట."

"నాకు తెల్దేటి, ఎన్ని సూసేను! ఎవుల్సేత పిండిద్దాం?"

"ఎవులైతే ఏటి? నానే పిండుకుంతాను."

"నువ్వే పిండుకుంటే ఏం బాగుంతాది బావా? పెద్దమడిసి ఒకలుండాల."

సూరన్న మాటలు సగం అర్థం కాకపోవడం నీలకంఠానికి అలవాటే. "సరే, మీ అప్పనే పిలు" అనేసి మళ్ళీ ఇయర్‌ఫోను పెట్టుకున్నాడు. సూరన్న మెట్లు రెండేసి చొప్పున దిగుతూ అప్పుడే ఫోను తీశాడు.

ఇక నీలకంఠం వెనక్కి చూడలేదు. కొబ్బరి కోరి, మిక్సీలో వేసి, మూడు దఫాలు పాలు తీశాడు. మిక్సీని కడిగి, తుడిచి, ఆవిడ కంటపడకుండా బీరువా వెనక పెట్టాడు. అనాసపండు చెక్కుతుంటే బొటనవేలు తెగింది. తువ్వాలు చింపి కట్టుకున్నాడు. స్క్విడ్డు ముక్కలు రెండు నిమిషాలు దాటితే రబ్బరవుతాయని కూతురు చెప్పింది కాబట్టి ఫోనులో గడియారం పెట్టి సరిగ్గా నూట ఇరవై లెక్కకి దింపేశాడు. రొయ్యలు గులాబిరంగు తిరిగాయి. కొబ్బరిపాలు సన్నసెగ మీద సణుగుతున్నాయి. ఇల్లంతా కమ్మటి వాసన. పదకొండు గంటలకి అతను తన పనిని తనే మెచ్చుకున్నాడు. గంటలో అయ్యే పని అని తను అన్న మాట గుర్తొచ్చింది, ఇప్పటికి నాలుగు గంటలైందన్న సంగతీ గుర్తొచ్చింది. రెంటినీ పక్కకి నెట్టి పాస్తా ఉడికించాడు.

ఉడికిన పాస్తా, దానితోపాటు పెద్ద గిన్నెడు వేడినీళ్ళు, తీసుకెళ్ళి సింకులో చిల్లుల గిన్నెలో ఒంపాడు.

సింకు ఆ నీళ్ళని తాగలేదు. ఒక్కసారి గుటకేసినట్టు శబ్దం చేసి, తాగింది కూడా వెనక్కి కక్కింది. పై అంతస్తుల పప్పులు, కింది అంతస్తు టీ పొడి, ఎవరిదో కరివేపాకు, అన్నీ బుడబుడా పైకొచ్చాయి. నీలకంఠం ఒక్క దూకున చిల్లుల గిన్నె లాగేసి పాస్తాని కాపాడాడు. కొన్ని గొట్టాలు మాత్రం పడవల్లా తేలుకుంటూ పోయాయి. సింకు నిండి గట్టు మీద నుంచి నేల మీదకి, నేల మీద నుంచి హాల్లోకి, హాల్లోంచి వీధి గుమ్మం కిందగా వరండాలోకి నీళ్ళు బయల్దేరాయి.

అతను సింకు కింది తలుపు తీశాడు. అక్కడ ఒక బకెట్టు ఉంది. బకెట్టులో చిన్న చెంబు, పక్కన చివర గుడ్డ చుట్టిన పొడుగాటి కర్ర, మడతపెట్టిన పాత చీర ముక్కలు. అన్నీ చేతికి అందేలా, వరసగా, రోజూ వాడే వస్తువుల్లా ఉన్నాయి. గోడకి మేకు మీద ప్లాస్టిక్ కవరులో కాగితాలు వేలాడుతున్నాయి. రోజారమణి గుండ్రటి అక్షరాలు. సెక్రటరీ గారికి నాలుగు ఉత్తరాల నకళ్ళు. మూడోదాంట్లో ఒక వాక్యం: "వంట చేసినంతసేపూ ప్రతి పావుగంటకీ సింకులోంచి నీళ్ళు తోడి బాత్రూములో పారబోసుకుంటున్నాను."

నీలకంఠం మడమల దాకా నీళ్ళలో నిలబడి ఆ వాక్యం రెండుసార్లు చదివాడు. మూడు గంటలు. ఐదు రకాలు. పన్నెండు బకెట్లు. తను అవతల హాల్లో టీవీ చూస్తూ, "ఇంకా అవలేదేటి?" అని అరిచిన మాట కూడా అతనికి జ్ఞాపకం వచ్చింది. ఆవిడ ఎన్నోసార్లు చెప్పింది. తను ఎప్పుడూ "రేపు సూద్దాం" అన్నాడు. చలమయ్యకీ తనకీ తేడా ఏమీ లేదు.

అతను స్టవ్వు ఇంకా తగ్గించి, గుడ్డ కర్ర అందుకున్నాడు.

నీళ్ళు అప్పటికే వరండా దాటి మెట్లు దిగుతున్నాయి. అతను వాటి వెనకే, నడుం వంచి, ఒక్కో మెట్టూ తుడుచుకుంటూ, వెనక్కి వెనక్కి రెండంతస్తులు దిగాడు. కింద ఆఖరి మెట్టు తుడిచి, నడుం పట్టుకుని నిటారుగా లేచి, వెనక్కి తిరిగాడు.

ఎదురుగా షామియానా. దాని కింద తివాచీ, పరుపు, బాలీసు, ఓ పక్క మైకు. చాపల మీద పాతిక ముప్పైమంది జనం. పైన గుడ్డ బోర్డు మీద ఎర్రటి అక్షరాలు: "బి బ్లాకు సింకుల సాధనకై నీలకంఠం గారి ఆమరణ నిరాహార దీక్ష." అతను తిరగ్గానే చప్పట్లు మార్మోగాయి. చెమటతో, తడిసిన లుంగీతో, బొటనవేలికి కట్టుతో, చేతిలో గుడ్డ కర్రతో నిలబడ్డ అతన్ని చూసి ఆడవాళ్ళు అయ్యో అన్నారు. సూరన్న బంతిపూల దండ తెచ్చి మెళ్ళో వేసి, పరుపు మీద కూర్చోబెట్టాడు.

"ఏటిది బావా?" అన్నాడు నీలకంఠం.

"నువ్వు సెప్పిందే. టెంటు."

"ఆమరణ ఏటి?"

"పాత బోర్డు బావా. నీ పేరూ, సింకులూ కొత్తగా అంటించేం. మిగతాది అలగే ఉంచేసేం."

నీలకంఠం అతని చొక్కా పట్టుకుని దగ్గరికి లాగి, చెవిలో మొత్తం చెప్పాడు. పస్తు కాదని, పాస్తా అని, పైన కొబ్బరిపాలు స్టవ్వు మీద ఉన్నాయని, ఇంకో గంటలో రోజారమణి వస్తుందని. వింటున్నకొద్దీ సూరన్న మొహం పాలిపోయింది. వెనక జనం "నీలకంఠం గారి దీక్ష వర్ధిల్లాలి" అంటున్నారు.

"బావా, ఇరవై నాలుగు ఇళ్ళకి సెప్పేసేను. సలమయ్యకి ఫోన్‌లో వార్నింగిచ్చేను. ఇప్పుడు లెగిస్తే రేపట్నించి లిఫ్టులో ఎవులి మొహం సూడలేం. ఒక్క గంట కూకో. నీ కాళ్ళట్టుకుంతాను" అన్నాడు సూరన్న.

నీలకంఠం ఆలోచించాడు. సింకు కోసం కూర్చోవడం తప్పేమీ కాదు, ఇందాక ఆ ఉత్తరాలు చదివాక అసలే కాదు. కానీ పాస్తా కూడా కావాలి. రెండూ జరగాలి. జరుగుతాయి. "సరే. పావుగంటకోసారి బాత్రూమ్‌కని పైకెల్తాను, అడ్డు సెప్పకు" అన్నాడు.

అలా మూడుసార్లు పైకెళ్ళాడు. మొదటిసారి కొబ్బరిపాలలో మిరపకాయ, అనాసముక్కలు వేశాడు. రెండోసారి రొయ్యలు, స్క్విడ్డు కలిపాడు. మూడోసారి పాస్తా వేసి తిప్పి, ఉప్పు చూద్దామని గరిటె నోటిదాకా తెచ్చి, ఆవిడ తినకుండా తినకూడదన్న మాట గుర్తొచ్చి దించేశాడు. కొద్దిగా గడ్డం మీద పడింది. కిందకొచ్చిన ప్రతిసారీ జనం అతని నడక చూసి నీరసం ముదురుతోందని గుసగుసలాడుకున్నారు. పోతమ్మ పక్కన కూర్చుని అట్టముక్కతో విసురుతూ, "ఓలమ్మ, ఒల్లంతా వెల్లుల్లి వాసనేత్తంది, పాపం ఆవిడకొండిపెట్టే వొచ్చేడు" అని అందరికీ చెబుతోంది.

ఒంటిగంటకి పది నిమిషాలుందనగా గేటు ముందు ఆటో ఆగింది. గంగాధరరావు దిగాడు. వెనక రోజారమణి. ఆవిడ ముందు షామియానా చూసింది, తర్వాత బోర్డు చదివింది, తర్వాత మొగుణ్ణి చూసింది.

"ఆమరణవంటక్కా!" అన్నాడు గంగాధరరావు, చేతిలో ఖాళీ సంచీతో.

పోతమ్మ ఎదురెళ్ళి రోజారమణి చేతులు రెండూ పట్టుకుంది. "అమ్మగోరూ, మీ గురించే పస్తుంటన్నాడమ్మా! మీరొచ్చి తింటేగానీ మంచినీలు కూడా ముట్టనన్నాడు!"

రోజారమణి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ముప్పై రెండేళ్ళ కాపురంలో నీలకంఠం ఆ కళ్ళలో తన కోసం నీళ్ళు చూసింది ఇది రెండోసారి. మొదటిసారి ప్లాంటులో అతనికి చెయ్యి విరిగినప్పుడు. ఇప్పుడు నోరు మూసుకుని కూర్చుంటే చాలు. తల కొంచెం పక్కకి వాలిస్తే ఇంకా మంచిది. మిక్సీ మాట మళ్ళీ రాదు. ఆ సంగతి అతనికి తెలుసు. ఆవిడ వంగి, అతని గడ్డం మీద అంటిన తెల్లటి మరకని వేలితో తుడిచి, ముక్కు దగ్గర పెట్టుకుంది.

"కొబ్బరిపాలు" అంది.

"రోజా, నాను పస్తు కాదు" అన్నాడు నీలకంఠం. గొంతు తగ్గించే ప్రయత్నం కూడా చెయ్యలేదు. "పాస్తా. నువ్వు హోటల్లో తిన్నావే, అది. నీ కోసం వండేను. ఈలంతా తప్పుగా ఇన్నారు. సింకు పొంగింది. సింకు కింద బకెట్టు సూసేను. ఉత్తరాలు సదివేను. ఆ రోజు నానన్న మాట... గంటలో అయ్యే పని కాదు. ఐదు గంటలైంది, ఇంకా నిమ్మకాయ పిండలేదు."

అంతలోనే అసోసియేషన్ సెక్రటరీ చలమయ్య వాకింగ్ బూట్లు టపటపలాడించుకుంటూ వచ్చాడు.

"ఇన్నారా? ఆయన నోట్తోనే ఇన్నారా?" అని అరిచాడు. "గంట నించీ ఎదురు బ్లాకు మూడో అంతస్తులో నాకు రొయ్యల వాసన! దీక్షంట దీక్ష! రొయ్యలు ఏపుకుంటా నిరాహార దీక్ష ఎక్కడైనా ఉందేటండీ? దొంగ దీక్ష! తీయండి టెంటు!"

జనంలో కలకలం. ఒకరిద్దరు చాపలు చుట్టడం మొదలెట్టారు. సూరన్న మైకు వెనక దాక్కున్నాడు, మైకు సన్నగా ఉంది కాబట్టి అందరికీ కనిపించాడు. గంగాధరరావు బావ మీద జాలితో ఖాళీ సంచీ మడతపెట్టాడు. నీలకంఠం దండ తీయబోయాడు.

అతనికంటే ముందు రోజారమణి దండ తీసింది. తీసి, తన మెళ్ళో వేసుకుంది.

"లెగండి" అంది మొగుడితో.

నీలకంఠం లేచాడు. ఆవిడ చీర కుచ్చిళ్ళు సర్దుకుని ఆ పరుపు మీద బాసింపట్టు వేసుకుని కూర్చుంది.

"సలమయ్య గోరూ, ఉత్తరాలు ఆయనవి కావు. నాలుగూ నానే రాసేను. దీక్ష కూడా నాదే. పొద్దున్న మా తమ్ముడింట్లో టీ తాగి బయల్దేరేను, ఇంకేటీ తిన్లేదు. సింకులో నీలు దిగీదాకా తినను. ఇది దొంగ దీక్ష అవునో కాదో ఇక్కడే కూకుని సూడండి" అంది.

"అమ్మా, ఇలా ఉన్నపళంగా అంటే ఎలా? పైవాళ్ళతో మాట్లాడాలి..."

"మాట్లాడండి. ఆరు నెలలు ఆగేను, ఇంకాసేపు ఆగలేనేటి?"

సూరన్న మైకు వెనకనుంచి బయటకి వచ్చాడు. చుట్టిన చాపలు మళ్ళీ పరుచుకున్నాయి. బి బ్లాకు ఆడవాళ్ళు నలుగురు, ఆ తర్వాత ఇంకో ఆరుగురు వచ్చి రోజారమణి పక్కన కూర్చున్నారు. అందరిళ్ళలోనూ సింకు కింద అలాంటి బకెట్టే ఉందట.

నీలకంఠం ఆవిడ దగ్గరగా వంగి, "పాస్తా అయిపోయింది, వేడిగా ఉంది" అన్నాడు.

"దీక్షలో ఉన్నాను, కనబడ్డం లేదేటండీ?"

అతను రెండంతస్తులెక్కి, పాస్తా మీద మూతపెట్టి వచ్చి, టెంటు కొయ్యకి ఆనుకుని నిలబడ్డాడు. ఒంటిగంట దాటింది. రెండైంది. పొద్దున్నుంచి వాసన చూడ్డమే తప్ప ఏమీ తినని కడుపు మూలిగింది. గంగాధరరావు నెమ్మదిగా చెవిలో, "బావా, మనిద్దరం పైకెల్లి కొంచెం..." అన్నాడు. నీలకంఠం చూసిన చూపుకి అతను వాక్యం పూర్తిచెయ్యలేదు.

చలమయ్య గంటన్నర ఫోనులో మాట్లాడాడు. మొదట ధైర్యంగా, తర్వాత బతిమాలుతూ, చివరికి ఎవరినో తిడుతూ. రెండున్నరకి ఇద్దరు ప్లంబర్లు వచ్చారు. నేల కింది పెద్ద పైపు విప్పారు. కట్టినప్పుడు ఎవరో మేస్త్రీ వదిలేసిన సిమెంటు ముద్ద బయటపడింది. అందులో సగం కూరుకుపోయి ఒక తాపీ కూడా ఉంది. దాన్ని చలమయ్య చేతిలో పెట్టారు. ఆయన దాన్ని ఎక్కడ దాచాలో తెలియక వాకింగ్ నిక్కరు జేబులో పెట్టుకోబోయి, పట్టక, చేత్తోనే పట్టుకు నిలబడ్డాడు. నాలుగు గంటలకి రెండో అంతస్తు కిటికీలోంచి నీలకంఠం, "దిగతంది! గిర్రున తిరిగి దిగతంది!" అని కేకేశాడు. అతను క్రేను మీద ఉన్నప్పుడు కూడా అంత గట్టిగా అరిచి ఉండడు.

సూరన్న గాజు గ్లాసులో నిమ్మరసం తెచ్చి చలమయ్య చేతికిచ్చాడు. దీక్ష విరమింపజెయ్యడానికి పెద్దమనిషి కావాలి కదా. చలమయ్య ఒక చేత్తో తాపీ, రెండో చేత్తో గ్లాసు పట్టుకుని వంగాడు.

"నాకొద్దు" అంది రోజారమణి. "మా ఆయనొండింది తెమ్మనండి. నిమ్మరసం దాని మీద పిండుకుంతాను."

నీలకంఠం గిన్నె తెచ్చాడు. మూత తీసి చూసేసరికి అతని ప్రాణం ఉసూరుమంది. మూడు గంటలు కొబ్బరిపాలలో నానిన పాస్తా లావెక్కి, ఒకదాన్నొకటి కౌగిలించుకుని, గిన్నె ఆకారంలో గట్టిపడిపోయింది. స్క్విడ్డు ముక్కలు చెప్పుల దుకాణం నుంచి తెచ్చినట్టున్నాయి. గరిటెతో కుదరక అట్లకాడతో కోసి పళ్ళెంలో పెట్టాడు. ముప్పైమంది చూస్తుండగా రోజారమణి నిమ్మచెక్క పిండుకుని, ఒక ముద్ద నోట్లో పెట్టుకుంది. నమిలింది. చాలాసేపు నమలవలసి వచ్చింది.

"హోటల్లో దానికీ దీనికీ ఏటీ సమ్మందం లేదు" అంది చివరికి.

నీలకంఠం తల వంచుకున్నాడు. ఆవిడ రెండో ముద్ద తీసుకుంది, మూడోది తీసుకుంది. తర్వాత పళ్ళెం అతని వైపు జరిపి, పరుపు మీద పక్కకి జరిగి చోటిచ్చింది.

"కూకోండి. మీరూ తినలేదట కదా."

అతను కూర్చున్నాడు. ఇద్దరూ ఒకే పళ్ళెంలో తిన్నారు. మిగిలింది అట్లకాడతో ముక్కలు కోసి అందరికీ పంచారు. పోతమ్మ ఒక ముక్క నోట్లో వేసుకుని, పస్తంటే ఇదా అని ఆశ్చర్యపోయి, ఇంకో ముక్క పొట్లం కట్టించుకుంది. గంగాధరరావు చీకటి పడకముందే ఖాళీ సంచీతోనే పెందుర్తి ఆటో ఎక్కాడు. బీరువా వెనక దాచిన మిక్సీ రోజారమణికి ఇల్లు తుడుస్తుంటే దొరికింది. ఏమీ అడక్కుండా గట్టు మీద పెట్టేసింది.

సాయంత్రం 'ఏ' బ్లాకు వాళ్ళు ముగ్గురు తమ వైపు వీధిదీపాలు వెలగని సంగతి మాట్లాడ్డానికి వచ్చారు. రోజారమణి వాళ్ళకి టీ ఇచ్చి, గోడ మీది క్యాలెండరు చూసి, గురువారమైతే తనకి వీలవుతుందని చెప్పింది.